దోమలపెంట దారిలో ఇనుప వంతెన

మన్ననూరు చెక్‌పోస్టు దగ్గర మా లారీలు ఆగేసరికి తెల్లారింది. వాన నిలువునా కురుస్తోంది. టార్పాలిన్ల కింద ఇనుప ప్యానెళ్లు, అడ్డదూలాలు, పిన్నుల పెట్టెలు. వాటిని బిగించి, రోలర్ల మీద ముందుకు తోసి, తెగిన దారికి వంతెన వేయడం మా ఇంజనీర్ల దళం పని. కశ్మీర్‌లో వేశాం. అస్సాంలో వేశాం. సొంత నేల మీద వేయాల్సి వస్తుందని ఎప్పుడూ అనుకోలేదు. నాది మర్రిగూడ. అప్పటికి నేను హవల్దార్‌ని.

మా సుబేదార్ గఢ్వాలీ. మాటలు తక్కువ. ఆయన హిందీలో చెప్పిన ఉత్తర్వు ఇంతే: "వటవర్లపల్లి దాటాక వాగు రోడ్డును తెంపింది. అవతల కృష్ణ ఘాట్‌లో కొండచరియలు పడ్డాయి. మధ్యలో జనం ఇరుక్కున్నారు. వంతెన వేయాలి."

అడవిలోకి వెళ్లాక చెట్లు విరిగి రోడ్డుకు అడ్డంగా పడి ఉన్నాయి. వాటిని నరకడానికి దగ్గర్లోని పెంట, అంటే చెంచుల గూడెం, నుంచి ఒక ముసలాయన గొడ్డలితో వచ్చాడు. మొదటి లారీలో నా పక్కనే కూర్చున్నాడు.

"మా నాయిన గీ రోడ్డుకు రాళ్లు కొట్టిండు బిడ్డా," అన్నాడు. "అంతకుముందు కాలిబాటనే. మల్లన్న కాడికి నడిచే పోయేటోళ్లు. శ్రీశైలం ఆనకట్ట కట్టేటప్పుడు కొండకు మందుపెట్టి పేల్చిన్రు. గప్పుడే గింత వెడల్పాయె."

"కృష్ణ మీద వంతెన?"

"గది తర్వాత. తెలంగాణ వచ్చినంక వంతెనకు ఆ దిక్కు వేరే రాష్ట్రమాయె. మా చుట్టాలు ఇటు కొందరు, అటు కొందరు."

ఒక మలుపు తిరగ్గానే డ్రైవర్ బ్రేకు తొక్కాడు. ముందు రోడ్డు లేదు. అరవై అడుగుల గండి. అడుగున ఎర్రనీళ్లు బండరాళ్లను దొర్లిస్తున్నాయి. ఆ చప్పుడు కాళ్లకు తెలుస్తోంది. అవతల ఒక బస్సు. ఆలేరు నుంచి శ్రీశైలం వెళ్లి తిరిగి వస్తున్న చేనేత కుటుంబాలు అందులో ఉన్నాయి.

రాయికి సన్నతాడు కట్టి విసిరాం. నాలుగోసారికి బస్సు డ్రైవర్ పట్టుకున్నాడు. దాని వెంట మోకు లాగి మద్ది చెట్టుకు కట్టాడు. మోకు మీద మా నాయక్, నాకంటే ఒక ర్యాంకు కింది జవాను, దాటాడు. అతనిది కొల్లాపూర్. వీపున రేడియో, మందుల సంచి. కాసేపటికి రేడియోలో అతని గొంతు వినిపించింది.

"అన్నా, ఈడ ఒకాయనకు ఛాతీల నొప్పి లేస్తాంది. చెమటలు పడ్తున్నయ్. ఓవర్."

మా నర్సింగ్ అసిస్టెంట్ రేడియో అందుకుని లక్షణాలన్నీ అడిగాడు. గోలీ ఎలా ఇవ్వాలో చెప్పాడు. తర్వాత నా వైపు తిరిగి, "గుండెపోటే. వెంటనే ఆసుపత్రికి చేర్చాలి," అన్నాడు.

వంతెన బిగించడం మొదలుపెట్టాం. పిన్ను మీద సుత్తి, మళ్లీ పిన్ను. చేతి తొడుగుల్లో నీళ్లు నిండాయి. మధ్యాహ్నానికి వంతెన ముక్కు అవతలి గట్టును తాకింది. ఇంకా పలకలు పరచలేదు. నిలువు ప్యానెళ్ల మధ్య అడ్డదూలాలే ఉన్నాయి. దూలానికీ దూలానికీ మధ్య మనిషి జారిపోయేంత ఖాళీ.

అప్పుడే అవతలి గట్టు నుంచి ఎడ్లబండంత మట్టి పెళ్ల విరిగి పడింది. వంతెన గుర్రుమంది.

"వెనక్కి లాగండి," అన్నాడు సుబేదార్.

నేను రేడియో తీశాను. "ఆయన ఎట్లున్నడు? ఓవర్."

"కళ్లు మూతపడ్తున్నయ్ అన్నా. భార్య నా చెయ్యి ఇడుస్తలేదు. జల్దీ ఏదన్న చెయ్యున్రి."

వెనక్కి లాగితే గట్టు గట్టిచేసి మళ్లీ వేసేసరికి మర్నాడవుతుంది. ఆ మాట సుబేదార్‌కు చెప్పాను. రోగిని ఇప్పుడే, దూలాల మీదుగానే తెస్తామన్నాను. ఆయన గట్టు వైపు చూశాడు. నా బూట్ల వైపు చూశాడు.

"నలుగురు. నడుములకు తాళ్లు. ఎవరూ పరుగెత్తొద్దు."

నాతో మరో ఇద్దరు కదిలారు. అవతల నాయక్ నాలుగోవాడు. దూలాల మీదుగా అవతలికి చేరి, ఛాతీ నొప్పి వచ్చిన ఆ నేతన్నను స్ట్రెచర్‌కు పట్టీలతో బిగించాం. ఆయన భార్య ముందుకొచ్చింది.

"నేనూ వస్త తమ్మీ."

"వద్దక్కా. ఆయన్ని ముందుగాల దాటిస్తం. మోకు కట్టి నిన్ను తర్వాత తెస్తం."

"పైలం," అంది.

ముందు నేనూ మరొకడూ, వెనక నాయక్, ఇంకొకడు. ప్రతి దూలం దగ్గరా నేను "పెట్టు" అనేవాణ్ణి. నలుగురం అడుగు పెట్టేవాళ్లం. సగం దాటాక వెనక నుంచి ఒక మూలుగు. స్ట్రెచర్ ఒరిగింది. నాయక్ కాలు జారి దూలాల మధ్య ఇరుక్కుంది. ఎముక విరిగిన చప్పుడు వాగు హోరులోనూ వినిపించింది. అతను రెండో మోకాలి మీద ఆగి ఉన్నాడు. స్ట్రెచర్ పిడి మాత్రం భుజం మీదే ఉంది.

"ఇడువను. మనిషిని పంపున్రి," అన్నాడు.

ఇవతలి నుంచి ఒకడు వచ్చి పిడి అందుకున్నాడు. ముందు నేతన్నను దాటించాం. తర్వాత నాయక్‌ను తాడుతో లాగాం. ఇద్దర్నీ మా దళం అంబులెన్సులోనే అచ్చంపేట దవాఖానకు పంపాం. అక్కను మోకు మీద దాటించి జీపులో వెనకే పంపాం.

ఇనుప వల బుట్టల్లో రాళ్లు నింపి గట్టు నిలబెట్టాం. పలకలు పరిచాం. మర్నాడు బస్సు దాటింది. నేతన్న బతికాడు. నాయక్ కాలు కాస్త పొట్టిదైంది. ఇప్పుడు కొల్లాపూర్‌లో కిరాణం నడుపుతున్నాడు.

మేము డిండి మీదుగా సికింద్రాబాద్ తిరిగొచ్చాం. తర్వాత అక్కడ కాంక్రీటు కల్వర్టు కట్టారు. మా వంతెన విప్పి తీసుకెళ్లారు. నేను పింఛను తీసుకుని మర్రిగూడ వచ్చేశాను. ఇక్కడివాళ్లు కశ్మీర్ గురించి అడుగుతారు. చెబుతాను. కళ్లు మూసుకుంటే మాత్రం కశ్మీర్ రాదు.

నాయక్ కాలు ఇరుక్కుని మేమందరం ఆగిపోయిన ఆ కాసేపు, నేను వెనక్కి తిరిగి చూశాను. నేతన్నకు స్పృహ సరిగా లేదు. పట్టీల కింద ఆయన పాదాలు మాత్రం కదులుతున్నాయి. కుడిది కిందికి, ఎడమది పైకి. ఎడమది కిందికి, కుడిది పైకి. కింద వాగు పరుగెడుతోంది. ఆయన మగ్గం తొక్కుతున్నాడు.