బేరక్సు గోడకు పసుపు

నేను పుట్టింది సోల్జర్ల బేరక్సులో. మలాయి దేశంలో బాగన్ దాతుక్ దారిలో, మా కొబ్బరితోట చివర తెల్లోళ్ళు తమ సోల్జర్ల కోసం కట్టిన పొడుగాటి ఇటుకల ఇల్లది. వాళ్ళు దేశం వదిలి పోయాక తోటవాళ్ళు అడ్డగోడలు లేపి, గదులు సేసి కూలోళ్ళకిచ్చినారు. మా తాత చివరి గదే కావాలని పట్టుబట్టినాడంట. ఆ గది వెనక గోడకి నిలబెట్టే మా అమ్మమ్మని చంపినారు.

అవి అడవిలో కమ్యూనిస్టులున్న రోజులు. గింజ బియ్యం తోట కంచె దాటకూడదు. దాటితే అడవిలోళ్ళకే అని లెక్క. మావోళ్ళకేమో అమ్మోరికి పసుపన్నం పొలిమేర అవతలే పెట్టాలి, ఇంట్లో పెడితే చెల్లదు. పాలు తాగే మా అమ్మకి అమ్మోరు పోసి ఒళ్ళంతా పొక్కులు. అమ్మమ్మ అన్నం ముద్ద ఒళ్ళో కట్టుకుని కంచె దూరింది.

సోల్జర్లు జుట్టు పట్టి బేరక్సుకి ఈడ్చుకొచ్చినారు. ఎవరికని అడుగుతూ తుపాకీ మడమతో మూతి మీద కొట్టినారు. "అమ్మోరికి" అంది. పళ్ళు రాలినా అదే మాట. వాళ్ళకి తెలుగేటి తెలుసు? పిల్ల దగ్గరికి పోతానని లేచి పరిగెత్తబోతే పట్టి గోడకి నిలబెట్టి కాల్చేసినారు. శవాన్ని లారీలో పడేసి తీసుకుపోయినారు, మళ్ళీ ఇవ్వలేదు. ఇదంతా డ్రమ్ముల వెనక దాక్కుని చూసింది మా పెద్దమ్మ. అప్పటికి పాలపళ్ళు ఊడే వయసు.

సమాధి లేదు, ఫొటో లేదు. గోడలో తూటాల బొక్కలే మిగిలినాయి. ముత్తైదువగా చచ్చిన మనిషి మాలో పేరంటాలవుతుంది. తాత ఆ బొక్కల్లో పసుపు కూరి, కుంకుమ పెట్టి మొక్కినాడు. ఏటేటా అలాగే సేసేవాళ్ళం. పిల్లలం అవి అమ్మమ్మ కళ్ళనుకుని, అబద్ధమాడాలంటే గది బయటకెళ్ళి ఆడేవాళ్ళం.

ఈ ఏడు తోట అమ్మేసినారు. బేరక్సు కూలగొడతారని తెలిసి నేను, తమ్ముడు, పెద్దమ్మ ఇప్పుడు మేముండే తెలుక్ ఇంటాన్ నుంచి కారులో వచ్చినాం. ఆ గోడ ముక్కొకటి ఇంటికి తెచ్చుకోవాలని పెద్దమ్మ పట్టు. మేమొచ్చేసరికే కూల్చే యంత్రం సగం ఇల్లు నమిలేసింది. పెద్దమ్మ కారు దిగి తిన్నగా దుమ్ములోకి నడిచి, గోడకి వీపు ఆనించి నిలబడిపోయింది.

"పెద్దమ్మా, ఇటుకలు మీద పడతాయి, రా!" తమ్ముడు అరిచినాడు.

"పడనీరా. నా తల్లి మీద పూలు పడినాయేటి?"

యంత్రం నడిపే డ్రైవరు మలాయివాడు, మలాయిలోనే అరిచినాడు. "అవ్వా, తప్పుకో! చచ్చిపోతావ్!"

"సూసినావా? వీడు నయం, ముందు చెప్పి మరీ చంపుతున్నాడు."

అంతలో పైకప్పు రేకొకటి జారి ఆమె భుజం కోసేసింది. రవికంతా రక్తం. కదల్లేదు. డ్రైవరు ఇంజను ఆపి దిగినాడు. తమ్ముడు సంగతి చెప్తే సుత్తి, ఉలి తెచ్చి పసుపు చుట్టూ కొట్టినాడు. ఇటుక పగిలింది. గట్టిపడిన పసుపులోంచి నలిగిపోయిన తూటా రాలింది.

తమ్ముడు దాన్ని తీసి జేబులో వేసుకోబోయినాడు. "సాక్ష్యం, పెద్దమ్మా. దాచుకుందాం."

చెయ్యి మీద ఫట్టుమని కొట్టిందామె. "అది ఆళ్ళది! మా అమ్మది కాదు." తూటా లాక్కుని మురిక్కాలవలో విసిరేసింది. పసుపు ఇటుక ముక్కలు ఏరి ఒళ్ళో కట్టుకుంది.

తోట గేటు దగ్గర కాపలావాడు కారు ఆపినాడు. కిటికీలోంచి వంగి, ఆ రక్తం చూసి, ఒళ్ళో మూట చూసి, అదేమిటని మలాయిలో అడిగినాడు.

"మా అమ్మ" అంది పెద్దమ్మ తెలుగులోనే.

వాడికీ తెలుగు రాదు. గేటు తీసినాడు.