వరండాకే స్తోత్రం

దానం మాస్టారు బడిలో చక్రవడ్డీ లెక్కలు చెప్పి, మిగిలిన సుద్దముక్క జేబులో వేసుకుని వస్తారు. ఇంటి అప్పు వాయిదా కట్టిన ప్రతిసారీ, ఇల్లు ఎంతవరకు తన సొంతమైందో నేలమీద గీత గీస్తారు. ఏడేళ్లలో ఆ గీత వరండా, హాలు దాటి పడగ్గదిలో మంచం కిందికి చేరింది. నిన్న బ్యాంకు కాగితం వచ్చింది. కట్టిన ఇరవై రెండు లక్షల్లో అసలుకి జమైంది అయిదే, మిగతాదంతా వడ్డీ. ఇంకా పదమూడేళ్లు కట్టాలి. మాస్టారు తడిగుడ్డతో గీతలు తుడుచుకుంటూ వరండాదాకా వెనక్కి వచ్చేశారు. ఇవాళ, ఇంట్లో చేరిన రోజని ఏటా పెట్టే కృతజ్ఞతా ప్రార్థనకి పాస్టరుగారు వచ్చేరు.

"ఎప్పట్లాగే గదిగదికీ స్తోత్రం చెబుదామా అండీ?"

"వరండాకి చెప్పండి, చాలు."

"ఆయ్. మరి లోపలి గదులకండీ?"

"వాటికి బ్యాంకు మేనేజరుగారు చెప్పుకుంటారండి."