పన్నెండు బోరులో ఇరవై బోరు

ఒకరోజు సాయంత్రం మా చెనక్కాయ చేని, అదే వేరుశనగ చేని, గట్టు మీద నిలబడి, నా ఎడమచెయ్యి పోగొట్టుకోవడానికి కావాల్సిన ఏర్పాట్లన్నీ నేనే స్వయంగా, ఎవరి సాయమూ లేకుండా చేసుకున్నాను. ఏ పనీ అంత శ్రద్ధగా నేను అంతకుముందు చేసింది లేదు. ఆ కథే ఇప్పుడు చెప్తాను. మీరు నవ్వుకోండి, నాకేం బాధ లేదు. ఇంట్లో తుపాకి ఉన్నవాళ్లు మాత్రం కొంచెం నెమ్మదిగా నవ్వండి.

మాది సోమందేపల్లె పక్క పల్లె. మా చేను గుట్ట కిందనే. వానలు సరిగా పడని సంవత్సరం మా అందరికీ కరువైతే గుట్టమీది అడివి పందులకి గూడా కరువే. అవి దిగి వచ్చి మొలిచిన చెనక్కాయను మొదలంటా తవ్వి తింటాయి. అందుకే మా నాయనకి పంట కాపాడుకోవడానికని ఒక తుపాకికి లైసెన్సు ఉండేది. ఒంటి గొట్టం తుపాకి, గొట్టం కొలత పన్నెండు బోరు. పందుల్ని చంపడానికి కాదు, చంపగూడదు గూడా. గాలిలోకి ఒకటి పేలిస్తే ఆ సద్దుకి గుట్టెక్కి పోయేవి. నాయన పోయినాక ఆ తుపాకిని ఎవరు తీసుకోవాలనే మాట వచ్చింది. అమ్మకి వద్దు. నాకు తోడబుట్టినోళ్లు లేరు. నేను తీసుకుంటానని చెప్పినాను.

ఆడది తుపాకి పడుతుందా అని ఊరంతా నన్ను ఒక రకంగా చూసింది. నాకు అదే కావాల్సింది. తిరగాల్సిన ఆఫీసులన్నీ తిరిగి, పోలీసు మైదానంలో తుపాకి పట్టుకోవడం నేర్చుకొని, లైసెన్సు నా పేరు మీదికి మార్పించుకున్నాను. నేర్పినాయన నా నిలబడే తీరు బాగుందని ఒకసారి అన్నాడు. ఆ ఒక్క మాటతో నాకు తుపాకి శాస్త్రమంతా వచ్చేసినట్టు అనిపించింది. తెలియనిది ఇంకేమైనా ఉండాదేమో అని అడగాలన్న ఆలోచన కూడా నాకు రాలేదు. కళ్యాణమండపంలో వియ్యపురాలు నడిచినట్టు తుపాకి భుజాన వేసుకొని చేనికి నడిచేదాన్ని.

నా పక్కన మా బావ నాగరాజు ఉండేవాడు. మా మేనత్త కొడుకు, నా మొగుడు. పెండ్లయినాక మా ఇంటికే వచ్చి సేద్యం చూసుకుంటాండాడు. మేమిద్దరం చిన్నప్పటి నుంచి ఒకే వాకిట్లో కొట్లాడుకుంటా పెరిగినవాళ్లం. పెండ్లయిందని ఆ అలవాటు మానుకోలేదు. నేను ఎండగా ఉందంటే ఆయన మబ్బుగా ఉందనేవాడు. ఆయన ఉప్పు తక్కువైందంటే నేను ఇంకో చిటికెడు తగ్గించేదాన్ని.

ఇంక అసలు సంగతికి వస్తాను. తూటాలు కొనాలంటే అనంతపురం పోవాల. ఆ ఏడు సేద్యంపనులతో పోలేక, ఇంట్లో ఉన్నవే నాలుగు ఎర్ర తూటాలతో నెట్టుకొస్తాంటి. అట్లా ఉండగా ఒకరోజు అటక మీద పాత సామాన్లు సర్దుతుంటే రేకు డబ్బా ఒకటి దొరికింది. మూత తీస్తే లోపల తూటాలు. కాగితం తొడుగులు గోధుమ రంగుకి తిరిగి ఉన్నాయి. అడుగున ఇత్తడి బిళ్ల మీద ఇరవై అని అంకె ఉండాది. మా తుపాకి గొట్టం మీద పన్నెండు అని ఉండాది. రెండు అంకెలూ నేను చూసినాను. చూడలేదని అబద్ధం చెప్పను. చూసి, నా బుర్రతో లెక్క వేసినాను. అదే వచ్చిన చిక్కు.

పెండ్లికి ముందు నేను రాయదుర్గంలో జీన్సు ప్యాంట్లు కుట్టే చోట పనిచేసినాను. అక్కడ ముప్పై నడుము ప్యాంటు కన్నా ముప్పైనాలుగు నడుము ప్యాంటు పెద్దది. ఇంటికొస్తే మా జిల్లాలో బోరు అంటే నీళ్ల బోరే. నాలుగంగుళాల బోరు కన్నా ఆరంగుళాల బోరు వెడల్పు. ఇట్లాంటి చోట పుట్టి పెరిగినదాన్ని, ఇరవై బోరు పన్నెండు బోరు కన్నా పెద్దదని అనుకోకుండా ఎట్లుంటాను? పెద్ద తూటా అయితే పెద్ద సద్దు వస్తుంది, పందులు పెనుకొండ దాకా పరిగెత్తుతాయి అనుకున్నాను. చేతిలోకి తీసుకుంటే మాత్రం అది మా ఎర్ర తూటా కన్నా సన్నంగానే ఉండాది. దానికీ నా దగ్గర సమాధానం ఉండాది. పాతబడింది గదా, ముసిలోళ్లు చిక్కిపోయినట్టు ఇది గూడా చిక్కింటుంది.

అన్నింటినీ ఒకే సంచిలో కలిపి వేసినాను. ఎర్రవీ, గోధుమరంగువీ. సంచిని నడుముకి కట్టుకున్నాను.

ఆ సాయంత్రం పొద్దు గుట్ట వెనక్కి దిగుతాండగా పందులు వచ్చినాయి. చేని అవతలి కొస నుంచి ముట్టెలతో తవ్వుకుంటా వస్తాండాయి. బావ నా పక్కనే గట్టు మీద కూర్చొని చెనక్కాయలు ఒలుచుకుంటాండాడు. నేను లేచి, తుపాకిని నడుము కాడ మడిచి గొట్టం వెనక నోరు తెరిచి, సంచిలో చెయ్యిపెట్టి ఒక తూటా గొట్టంలో వేసినాను. నున్నగా జారిపోయింది. మూసి, గొట్టం ఆకాశం వైపు ఎత్తి, మీట నొక్కినాను.

టిక్కుమంది. అంతే.

పేలకపోతే ఏం చేయాలో నాకు నేర్పినారు. గొట్టం పైకే ఉంచి కాసేపు కదలకుండా నిలబడాల. నిలబడినాను. ఆ భాగంలో నాకు నూటికి నూరు మార్కులు వేయచ్చు. తర్వాత తుపాకి మడిచి చూస్తే, గొట్టం నోట్లో తూటా లేదు.

అప్పుడు నాకు అనిపించింది ఒక్కటే. తొందరలో తూటా పెట్టడమే మరిచిపోయినానేమో అని. పందులు చూస్తే సగం చేనికి వచ్చేసినాయి. సంచిలో చెయ్యిపెడితే ఈసారి ఎర్రది దొరికింది. దాన్ని గొట్టం దగ్గరికి తీసుకుపోతాంటే బావ వెనక నుంచి ఏమైందని అడిగినాడు. తూటా పెట్టడం మరిచిపోయినానని చెప్పినాను.

"పెట్టినావు," అన్నాడు.

పెట్టలేదన్నాను. పెట్టినావు, నేను చూసినానన్నాడు. నా చేతి పని నాకు తెలీదా అన్నాను. నీ చేతి పని నీకు ఎప్పుడు తెలిసిందని మళ్లీ అడిగినాడు. అక్కడి నుంచి మా మాట తూటా వదిలిపెట్టి మా పెండ్లి దాకా, మా పెండ్లి నుంచి మా మేనత్త పప్పులో వేసే చింతపండు దాకా పోయింది. పందులు చేనికి అసలు యజమానుల్లాగా తినుకుంటా ఉన్నాయి. మా ఇద్దరికీ వాటి ధ్యాస లేదు.

"పెట్టింటే యాడ పోయింది?" అన్నాను చివరికి. "సంచిలో ఉందేమో చూడు. కింద పడిందేమో చూడు."

ఆయన నిజంగానే వంగి గట్టు కింద వెతికినాడు. నేను కొంగు దులిపినాను. యాడా లేదు. ఆయన మాట తప్పని తేల్చడానికి నాకు ఒకే దారి కనిపించింది. ఎర్ర తూటాని కింద పెట్టి, మడిచిన తుపాకిని అట్లనే పడమటి వైపు తిప్పినాను. అక్కడ ఇంకా వెలుగు ఉండాది. "ఖాళీ గొట్టంలో నుంచి చూడు బావా, అవతల ఆకాశం బిళ్లలాగా కనపడుతుంది," అని చెప్పి, ముందు నేనే కన్ను పెట్టి చూసినాను.

ఆకాశం కనపడలేదు.

ఇంకోసారి చూసినాను. గొట్టంలో కొంచెం లోపలికి, ఇత్తడి అంచు ఒకటి సన్నగా మెరిసింది. నేను పెట్టలేదని అంతసేపు కొట్లాడిన తూటా అక్కడ ఇరుక్కొని కూర్చోనుండాది.

నేను కొట్లాట ఆపేసినాను. నేను కొట్లాట ఆపడం చూసి బావ భయపడినాడు. వచ్చి తనూ చూసినాడు. పుల్ల పెట్టి పొడుద్దామన్నాడు. వద్దన్నాను. ఎందుకు వద్దో నాకు తెలియదు, కానీ అప్పటికి నా తెలివి మీద నాకు నమ్మకం పోయింది. చిలమత్తూరులో మా చిన్నాయన ఉన్నాడు, నాయన తమ్ముడు. ఒకప్పుడు ఆయనకీ తుపాకి ఉండేది. ఫోన్ చేసి జరిగింది చెప్పినాను. చిన్నాయన ముందు తూటా మీది అంకె అడిగినాడు.

"ఆ డబ్బా నాదే అమ్మణ్ణీ," అన్నాడు. "నా తుపాకి ఇరవై బోరుది. ఎప్పుడో సర్కారుకి అప్పగించేస్తి. ఇవి మీ అటక మీద మిగిలింది నాకు జ్ఞాపకమే లేదు."

తర్వాత ఒక్కొక్క మాటే చెప్పినాడు. తుపాకి మూయొద్దు. ఏమీ పెట్టి పొడవొద్దు. ఇంకో తూటా దగ్గరికి తేవొద్దు. మడిచినట్టే తీసుకుపోయి ఒక గదిలో, గొట్టం గోడ వైపు ఉండేట్టు పెట్టి తాళం వేయి. నేను పొద్దున్నే వస్తానన్నాడు.

ఇంటికొచ్చి చెప్పినట్టే చేసినాము. అమ్మే ఆ గదికి తాళం వేసి, తాళంచెవి కొంగున ముడేసుకొని, నాకు అన్నం పెట్టింది. ఆమె తిట్టింటే బాగుండేది. బావ మాత్రం పళ్లెం వాయించుకుంటా చేనికి తిరిగి పోయి పందుల్ని తరిమినాడు. ఆ పళ్లెం సద్దుకే అవి గుట్టెక్కినాయంట.

పొద్దున చిన్నాయన తుపాకులు బాగుచేసే మనిషిని వెంటబెట్టుకొని వచ్చినాడు. మమ్మల్నందర్నీ వాకిట్లో నుంచి దూరంగా పంపి, ఆయన ఒక్కడే గదిలోకి పోయి నిమ్మళంగా దాన్ని బయటికి తీసినాడు. పాతదే గానీ, మందు చెడిపోలేదని చెప్పినాడు. మిగిలిన గోధుమరంగు తూటాలన్నీ చిన్నాయనా నేనూ స్టేషన్‌లో అప్పగించి, ఎస్సై గారి చేత చీవాట్లు తిని వచ్చినాము. న్యాయమైన చీవాట్లే.

మధ్యాహ్నం అమ్మ సంగటి చేసింది. నేను తింటా చిన్నాయనని అడిగినాను, ఇరవై పెద్దదా, పన్నెండు పెద్దదా అని. ఆయన సంగటి గిన్నె ముందుకి లాక్కున్నాడు.

"ఇదే గిన్నెడు సంగటిని పన్నెండు ముద్దలు చేస్తే ముద్ద ఎంతుంటుంది? ఇరవై చేస్తే ఎంతుంటుంది? బోరు లెక్క కూడా అంతే. ఒకే తూకం సీసంతో ఆ గొట్టానికి సరిపడే గుండ్లు ఎన్ని చేస్తామో అది ఆ అంకె. అంకె పెరిగేకొద్దీ గొట్టం సన్నం. నీ ఇరవై సన్నది కాబట్టి పన్నెండు గొట్టంలో జారి ముందుకి పోయి ఇరుక్కునింది. మీట నొక్కితే కొట్టే సుత్తి దానికి అందలేదు, అందుకే పేలలేదు. నువ్వు దాని వెనక ఆ ఎర్రది పెట్టి పేల్చింటే, పోవాల్సిన దోవకి అదే అడ్డం. గొట్టం నీ ఎడమచెయ్యి పట్టుకున్న కాడ పగిలేది."

అమ్మ నా ఎడమచెయ్యి పట్టుకొని, సంగటి అంటిన వేళ్లతోనే, చాలాసేపు వదల్లేదు. నేను తినలేకపోయినాను.

అప్పటినుంచి మా ఇంట్లో బావ మాటకి విలువ పెరిగింది. చూసినాడు కాబట్టి నా చెయ్యి మిగిలిందని అమ్మ వచ్చినోళ్లందరికీ చెప్పింది. నెయ్యి ఆయన పళ్లెంలోకే ముందు పోయేది. నేను గూడా ఆయనతో కొట్లాడటం తగ్గించినాను. ఆయన మబ్బుగా ఉందంటే, ఎండలో నిలబడి అవునన్నాను. ఇట్లా కొన్ని నెలలు మా సంసారం చాలా మర్యాదగా, చాలా చప్పగా నడిచింది.

చివరికి ఆయనకే తట్టుకోవడం కాలేదనుకుంటాను. ఒకరోజు చేనిలో కలుపు తీస్తాండగా, ఇద్దరమే ఉన్నప్పుడు, పని ఆపి నిలబడినాడు.

"మే, ఒక మాట చెప్తా, కోపం చేసుకోవద్దు," అన్నాడు. "ఆ పొద్దు నువ్వు తూటా పెట్టింది నేను చూడలేదు."

నేను కొడవలి కింద పెట్టినాను. మరి చూసినానని ఎట్ల అన్నావని అడిగినాను.

"నేను చెనక్కాయలు ఒలుచుకుంటా ఇంకోపక్కకి చూస్తాంటి. నువ్వు పెట్టలేదంటివి గదా. అందుకని పెట్టినావంటి."

ఆ చేనిలో అట్లనే కూలబడి, నేను నవ్వినానో ఏడ్చినానో నాకే తెలియదు. ఆయన మాత్రం పక్కన కూర్చొని నా ఎడమచేతి వేళ్లకి అంటిన మట్టి దులిపినాడు.

అందుచేత ఇది చదివే మీ అందరి ఎదుటా, చేతిలో తుపాకి లేని సమయం చూసుకొని, ప్రమాణం చేస్తాండాను. గొట్టం మీది అంకె, తూటా మీది అంకె రెండూ ఒకటైతే తప్ప ఆ రెంటినీ కలపను. రెండు రకాల తూటాలు ఒక ఇంట్లోనే ఉండనివ్వను. గొట్టంలో నుంచి అవతలి వెలుగు కనపడకుండా తూటా పెట్టను. ఇంకా, నా మొగుడు నాది తప్పన్నప్పుడల్లా, ఆయన చూసి అంటాండాడో చూడకుండా అంటాండాడో అడగకుండా, చేతిలో పని కింద పెట్టి, తృప్తిగా, తీరిగ్గా, కడుపునిండా కొట్లాడతాను.