పెళ్ళికి తెల్ల చామంతులు

పోయిన నెల నరసరావుపేటలో ఒక పెళ్ళికి వెళ్ళాను. కల్యాణ మండపంలో వేదిక వెనక గోడంతా పూలే. తెల్లవీ, లేత గులాబీ రంగువీ ఒకదాన్నొకటి తోసుకుంటూ వేలు పట్టే సందు లేకుండా ఉన్నాయి. పాస్టరుగారు ప్రార్థన ముగించేదాకా బుద్ధిగా కళ్ళు మూసుకునే ఉన్నాను గానీ, ఆమెన్ అన్నాక నా చెయ్యి ఆగలేదు. దగ్గరికి వెళ్ళి ఒక పువ్వును ముట్టుకుని చూశాను. గుడ్డ. అలంకరణ చేసినాయన నన్ను చూసి, “ఇవి వాడిపోవు మేడం, దులిపి రేపు వినుకొండ పెళ్ళికి కడతాం” అన్నాడు. బాగుందయ్యా అన్నాను. అబద్ధమేమీ కాదు, దూరం నుంచి బాగానే ఉంది. కానీ భోజనాలకు పిలిచేదాకా నా మనసు మా అత్త దగ్గరే తిరుగుతూ ఉండిపోయింది.

అత్త అంటే మా నాన్న చెల్లెలు. కారంపూడి రోడ్డు మీద ఉన్న మా ఊళ్ళో, మా సంఘంలో, పూల పని ఆమెది. ఎవరూ అప్పగించలేదు, ఎవరూ కాదనలేదు. శనివారం సాయంత్రం ఊరి మీద పడి, ఎవరి పెరట్లో ఏది పూస్తే అది అడక్కుండా కోసుకొచ్చి, ఇత్తడి చెంబులో సర్ది మందిరంలో బల్ల మీద పెట్టేది. దేవుడి కోసం కోస్తే దాన్ని దొంగతనం అనరని ఆమె సిద్ధాంతం. అందుకు ఆధారం వాక్యంలో ఎక్కడుందో ఆదివారం బడి చెప్పే నాకు ఎంత వెతికినా దొరకలేదు. ప్రసంగం ఎంతసేపు సాగిందో ఆమె గడియారం చూసి చెప్పేది కాదు, బల్ల మీది మందారాలు తల వాల్చాయో లేదో చూసి చెప్పేది. ఇంకో పని కూడా ఆమెదే. సంఘంలో ఎవరు ప్రభువు దగ్గరికి వెళ్ళిపోయినా స్నానం చేయించి, బట్టలు తొడిగి, పెట్టె మీదికి పూలు తెప్పించేది. నరసరావుపేటలో ఒక పూలకొట్టు సాయిబుగారికి ఫోను చేసి, ఇన్ని కిలోల తెల్ల చామంతి, పొద్దుటి బస్సుకు వెయ్యి అని చెప్పి పెట్టేసేది. రెండు ముక్కలు, అంతే. పోయినవాళ్ళ పేరు కూడా చెప్పేది కాదు. మర్నాడు అట్టపెట్టెలో చామంతుల సిలువ ఒకటి దిగేది.

ఎనిమిదేళ్ళ కిందట మా మేనకోడలి పెళ్ళి కుదిరింది. అంతకు ఏడాది ముందే మా అన్నయ్య నాపరాళ్ళ క్వారీలో బండ జారి పోయాడు. మర్నాడు సాయంత్రం భూస్థాపన కూడికకు వదినను ఇద్దరం చెరొక రెక్క పట్టుకుని తీసుకువచ్చాం గానీ, మందిరం గుమ్మం దాటకుండానే కూలిపోయింది. అక్కణ్ణుంచే ఇంటికి మోసుకుపోయాం. ఆ తరువాత వదిన ఏ ఆదివారమూ ఆరాధన మానలేదు. కానీ గుమ్మం పక్కన, చెప్పులు విడిచే చోట కూర్చునేది. లోపలికి రమ్మని మొదట్లో పిలిచేవాళ్ళం, తరువాత మానేశాం. ఆ రోజు గురించి ఆమె ఎదుట ఎవరమూ మాట ఎత్తేవాళ్ళం కాదు. స్త్రీల కూడికలో ఓదార్పు గురించి గంటసేపు మాట్లాడగలిగిన నేను, వదిన ముందు కూర్చుంటే పచ్చడిలో ఉప్పు గురించి మాట్లాడి లేచి వచ్చేదాన్ని.

మా సంఘంలో పెళ్ళికూతుర్ని తండ్రి చెయ్యి పట్టుకుని గుమ్మం నుంచి బల్ల దాకా నడిపించాలి. తండ్రి లేకపోతే తల్లి. వదిన ఆ మాట రాగానే, “మా అన్న నడిపిస్తాళ్ళే” అంది. పిల్ల ఊరుకోలేదు. “నువ్వు నడిపిస్తే నడుస్తా. లేదా నువ్వు కూసునే కాడే నేనూ కూసుంటా, పాస్టరుగారినే అక్కడికి రమ్మను” అంది. వదిన బియ్యంలో రాళ్ళు ఏరుకుంటూ ఉండిపోయింది. పెళ్ళి ముందురోజుకు కూడా ఆ విషయం తేలలేదు. మాకందరికీ పిల్ల పెళ్ళి కన్నా అదే పెద్ద బెంగ అయి కూర్చుంది.

పూలకు డబ్బు ఎక్కువ లేదు. పిల్ల ఫోనులో ఒక బొమ్మ చూపించింది, ఎక్కడిదో, కొమ్మలన్నీ తెల్లగా విరగబూసిన మందిరం. అత్త కళ్ళద్దాలు సర్దుకుని చూసి, “దీనికేందే, చుట్టూ ఆకు దట్టంగా కడితే సగం పూలు చాలు. కొబ్బరాకు మనదే, కానుగాకు దేవుడిదే. చామంతి నేను తెప్పిస్తా” అంది. ఆమె పెళ్ళికి పూలు తెప్పించడం అదే మొదలు. మా ఊళ్ళో పెళ్ళిళ్ళకు ఎవరి దండలు వాళ్ళు మాచర్ల నుంచో గురజాల నుంచో తెచ్చుకుంటారు. అత్త ఎప్పటిలాగే సాయిబుగారికి ఫోను చేసి, ఎప్పటిలాగే రెండు ముక్కలు చెప్పి పెట్టేసింది.

పెళ్ళి పదిన్నరకు. ఏడింటి బస్సుకు రెండు అట్టపెట్టెలు దిగాయి. మందిరంలో నేల మీద పెట్టి పెద్దదాని తాడు కోశాను. లోపల సిలువ. అరటి బోదె మీద పూవు పూవునా పుల్ల గుచ్చి, అంచుకు వెండి కాగితం చుట్టి, మనిషెత్తు ఉంది. రెండో దాంట్లో సమాధి మీద ఉంచే గుండ్రటి పూలచక్రం. అత్త ఫోను తీసి, “ఏందయ్యా సాయిబూ ఇది?” అని అరిచింది. అవతల ఆయన గొంతు నాకూ వినిపిస్తూనే ఉంది.

“బాగలేదామ్మా? ఈసారి పూలు చానా చెప్పినావు గదా, ఎవరో పెద్దోళ్ళనుకొని నేనే దగ్గరుండి కట్టించా.”

“పెళ్ళయ్యా! మా పిల్ల పెళ్ళి!”

“అల్లా! నువ్వు పెళ్ళికి ఫోన్ చేస్తావని నాకేం తెలుసమ్మా? ఒక్క మాట చెబితే గులాబీలు పెట్టేవాణ్ణి గదా” అన్నాడు. పాపం, ఆయన తప్పేమీ లేదు. ఆయనకు మా అత్త గొంతంటే ఎవరో పోయారనే.

ప్రార్థన చేద్దామన్నాను. “చేతులతో పని చేస్తా నోటితో చెయ్యి” అంది అత్త. పూలు లాగడం మొదలుపెట్టాక అసలు చిక్కు తెలిసింది. సిలువకు గుచ్చే పూలకు కాడ తీసేస్తారు. కాడ లేని పువ్వు చెంబులో నిలబడదు. అత్త రెండు నిమిషాలు ఆలోచించి, మందిరం ఊడ్చే కొత్త చీపురు తీసి ముడి విప్పేసింది. ఒక్కో ఈనె చివర ఒక్కో చామంతి గుచ్చి ఇచ్చింది. నేను వాటిని కొబ్బరాకు మట్టల మధ్య దోపడం, పాస్టరుగారు ఊడ్చడానికని చీపురు వెతుక్కుంటూ మా చుట్టూ తిరగడం.

సగం విప్పామో లేదో, గుమ్మంలో అలికిడి. వదిన. బల్ల మీద పరిచే గుడ్డ తెచ్చింది. వచ్చేది ఎవరో చూడగానే అత్త ఆ వయసులో ఒక్క గెంతు గెంతి సిలువ మీద కూర్చుంది. రెండు వైపులా సిలువ రెక్కలు బయటికే ఉన్నాయి.

వదిన గుమ్మంలో నిలబడి చూసింది. “లే అత్తా, చీర తడుస్తది” అంది.

అత్త లేవలేదు. “నువ్వు పోవే తల్లీ, మేం చూసుకుంటాం” అంది. వదిన పోలేదు. గుమ్మం దాటింది. ఒక్కో అడుగూ వేసుకుంటూ వచ్చి మా మధ్య నేల మీద కూర్చుంది. ఏడాది కిందట అన్నయ్య పెట్టె పెట్టిన చోటు అది. వెండి కాగితం మీద వేలు పెట్టి నిమిరింది.

“ఆయన మీద ఇట్టాంటిది పెట్టినారా?”

నేను మాట మార్చబోయాను. అత్త నా మోకాలి మీద చెయ్యి వేసి ఆపింది. “పెట్టినాం. దాదాపు ఇంతది. పెట్టెకు అటూ ఇటూ జారుతుంటే నలుగురు పట్టుకోవాల్సొచ్చింది. మొగం కూడా బాగుందే. దెబ్బలన్నీ వెనక్కే. తెల్ల చొక్కా తొడిగినా, నువ్వు ఇస్త్రీ చేసి పెట్టిందే.”

“పూలు ఉన్నయ్యా?” అని మళ్ళీ అడిగింది వదిన, విననట్టుగా. “నేను పడిపోయినా గదా. ఇంట్లో రూపాయి లేదు. ఏమీ లేకుండా అట్టనే తీసకపోయినారనుకున్నా.”

అప్పుడు ఏడ్చింది. గట్టిగా, చాలాసేపు. చీపురు సంగతి అడగడానికి వచ్చిన పాస్టరుగారు వెనక్కి తిరిగి వెళ్ళిపోయారు. అత్త మాత్రం పని ఆపలేదు. ఈనెకు పువ్వు గుచ్చుతూ ఆ సాయంత్రం ఎవరెవరు వచ్చారో, ఎవరు ప్రార్థన చేశారో, ఏ పాట పాడారో, ఎవరు ఎక్కడ తప్పు పాడారో ఒక్కొక్కటే చెబుతూ పోయింది. చివరికి వదిన కొంగుతో ముక్కు తుడుచుకుని, “ఈనెలు ఇటియ్యి, నువ్వు పూవంతా నలిపేస్తన్నావు” అంది. ముగ్గురం కలిసి తొమ్మిదిన్నరకల్లా ముగించాం. పిల్ల చేతిలోకి గుత్తి కూడా వదినే కట్టింది.

పదిన్నరకు మా మేనకోడలు తల్లి చెయ్యి పట్టుకుని లోపలికి నడిచింది. వదిన తల వంచుకోలేదు. బల్ల దాకా వచ్చి, పిల్ల చేతిని అల్లుడి చేతిలో పెట్టి, మొదటి వరసలో నా పక్కన కూర్చుంది.

ఆమెకు నొప్పి కలగకూడదనే మేం అన్నాళ్ళూ నోళ్ళు మూసుకుని కూర్చున్నాం. ప్రేమతోనే చేశాం, ప్రభువుకు తెలుసు. కానీ మేము మాట్లాడకుండా జాగ్రత్తగా దాటించిన ఆ పదమూడు నెలలూ, పూలు లేని పెట్టె ఒకదాన్ని కళ్ళ ముందు పెట్టుకుని ఆమె ఒక్కొక్క రోజే గడిపిందని మాకు ఆ ఉదయం దాకా తెలియలేదు.