భట్టీకి వెళ్లిన గోబీపువ్వు

మా ఆయనకు షుగరు ఉందని తేలిన రోజు ఏడ్చింది నేను, కోపం తెచ్చుకున్నది ఆయన. డాక్టరు మీద, రిపోర్టు మీద, చివరికి నా మీద. వాళ్ల అన్నయ్యకు ఇదే జబ్బు ముదిరి కాలి వేలు తీసేశారు. ఆ సంగతి ఇద్దరికీ గుర్తే.

అన్నం తగ్గించి కూరగాయలు పెంచమన్నాడు డాక్టరు. మా ఆయన లెక్కలో కూరగాయ అంటే ఆలుగడ్డ వేపుడు. పొద్దంతా కిరాణా హోల్‌సేల్ దుకాణంలో కూర్చుని వచ్చిన మనిషి ముందు ఉడికించిన గోబీ పెడితే, "నేనేమన్న దవాఖానల పడ్డనా? గీ గడ్డి ఎవరు తింటరే!" అని కంచం పక్కకు నెట్టేవారు.

ఫోన్లో ఒక వీడియో చూశాను. గోబీపువ్వు, గాజరు అదే క్యారెట్, క్యాప్సికం పెద్ద ముక్కలుగా కోసి, చెంచాడు నూనె, కాస్త సోయాసాసు, కారం పట్టించి ఓవెన్లో కాల్చడం. నా వంతుగా జీలకర్ర, వేయించి దంచిన నువ్వులు చేర్చాను. చైనా వాళ్లతో వియ్యమందినట్టే. తీరా చూస్తే మా ఇంట్లో ఓవెన్ లేదు. పెనం మీద పెడితే ముక్కలు నీళ్లు వదిలి మళ్లీ ఆ దవాఖానా కూరే అయింది.

అప్పుడు గల్లీ చివరి బేకరీ గుర్తొచ్చింది. పండగలకు బిస్కెట్ల పిండి ఇంట్లో కలిపి, రేకు పళ్లెంలో పేర్చి, ఆ కట్టెల భట్టీలో కాల్పించుకోవడం మా ఉప్పుగూడ బస్తీలో అలవాటే. బిస్కెట్లు పోయే చోటికి గోబీ ఎందుకు పోకూడదు? ఒక ఆదివారం పళ్లెం నింపి, పైన ఒక నిమ్మచెక్క పెట్టి మా ఆయన చేతికిచ్చాను. "నా ఇజ్జత్ తీస్తున్నవ్ గద" అని గొణుక్కుంటూ వెళ్లారు.

చాలాసేపటికి సగం పళ్లెంతో వచ్చారు.

"భట్టీ కాడ మస్తు మంది ఉన్నరు. నిలబడ్డోళ్లకు పెట్టకుండ ఎట్ల తెస్త? తిన్నరు" అన్నారు. అదీ అక్కడి మర్యాదే, కాదనలేను. మిగిలింది వడ్డిస్తే మాత్రం వద్దన్నారు.

తర్వాతి ఆదివారం ఇంకా ఎక్కువ కోశాను. పళ్లెం అడుగున నాలుగు ముక్కలు తిరిగొచ్చాయి. ఆ పై వారం అవీ లేవు. నాకు కడుపు మండిపోయింది. గుడిమల్కాపూర్ కూరగాయల మార్కెట్ దాకా పోయి తెచ్చి నేను కోస్తుంటే గల్లీలో అందరి షుగరూ దిగుతోంది, మా ఇంట్లోది తప్ప! మళ్లీ ఆదివారం కొంగు బిగించి ఆయన వెనకాలే బయల్దేరాను. బేకరీ వాళ్లతో లొల్లి పెట్టుకుందామనే.

భట్టీ ముందు బిస్కెట్ల పళ్లేలతో జనం. మధ్యలో మా ఆయన.

"ఖావో భాయ్, షర్మావో నక్కో!" అని, మొహమాటపడొద్దంటూ ఒక ముక్క ఎదుటివాడికి, ఒక ముక్క తన నోట్లోకి. మళ్లీ ఇంకొకరికి ఒకటి, తనకొకటి.

"ఇస్మే క్యా డాలే సేఠ్?" అని ఇందులో ఏమేం వేశారో ఒక పెద్దాయన అడిగాడు.

మా ఆయన గొంతు సవరించుకున్నారు. సోయాసాసు కొంచెమే పోయాలట. నువ్వులు వేయించాకే దంచాలట. నిమ్మరసం భట్టీలోంచి తీశాకనే పిండాలట. నేను వంట చేస్తుంటే టీవీ నుంచి తల తిప్పని మనిషి ఇదంతా ఎప్పుడు చూశారో! "హమారే ఘర్ మే హర్ ఇత్వార్ యహీచ్ బన్తా" అని, మా ఇంట్లో ప్రతి ఆదివారం ఇదే వంటైనట్టు గొప్పగా చెప్పుకోవడం ఒకటి.

నా కోపం ఎటుపోయిందో తెలియదు. ఇంట్లో కంచం ముందు ఆయన రోగి. ఇక్కడ పదిమందికి పెట్టే సేఠ్. పెట్టే మనిషి తనూ తినకపోతే ఎట్లా? కనబడకుండా వెనక్కి తిరిగి, ఆయనకంటే ముందే ఇల్లు చేరాను.

"అందరు తినేసిన్రు. వచ్చే వారం జర ఎక్కువ కొయ్యి" అన్నారు రాగానే.

"మరి మీకు?"

"నాకెందుకే గడ్డి?"

మీసంలో నువ్వులు మెరుస్తున్నాయి. నేను పళ్లెం కడిగే మిషతో వంటింట్లోకి పరిగెత్తి నోట్లో కొంగు కుక్కుకున్నాను.

మొన్న పరీక్షలో షుగరు దిగింది. రిపోర్టు చూసి డాక్టరు సంతోషపడి, "ఏం తింటున్నారు?" అని అడిగాడు.

మా ఆయన కుర్చీలో నిటారుగా కూర్చున్నారు. "నేనేం తింటలేను సార్. పంచుతున్న, అంతే."

డాక్టరు నా వైపు చూశాడు.

"నిజమే సార్" అన్నాను. "మా ఆయన చేతికి ఎముకే లేదు."