వెనక చక్రం విప్పిన మధ్యాహ్నం

మొన్న మా మనవరాలి సైకిలు బాగుచేయడానికి నంద్యాలలో మా ఇంటికే ఒకతను వచ్చినాడు. ఫోన్ చేస్తే వచ్చే మనిషి. వరండాలో గోనెసంచి పరిచి, వెనక చక్రం నట్లు విప్పి అటొకటి ఇటొకటి పడేస్తా ఉంటే నేను కుర్చీలో ఉండబట్టలేక, "వాషర్లు వరసగా పెట్టుకో నాయనా, బిగించేటప్పుడు తడబడతావ్" అన్నాను. అతను తలెత్తి నా నెరిసిన జుట్టు, చేతికర్ర చూసి, "నీకెట్ల తెలుసవ్వా?" అని నవ్వినాడు. ఎట్ల తెలుసో చెప్పాలంటే ఆళ్ళగడ్డ దాకా పోవాలి, అదీ డెబ్భై ఏళ్ళకు కొంచెం తక్కువగా వెనక్కి.

మా నాయన ఈ నంద్యాలలోనే బియ్యం మిల్లులో ఫిట్టరు. ఆదివారం వస్తే ఆయన సైకిలు పెరట్లో తలకిందులయ్యేది. పక్కన నేనుండాల్సిందే. ఊడిన వాషర్లన్నీ వచ్చిన వరసలోనే ఒక చీపురుపుల్లకు గుచ్చి పెట్టడం నా పని. కొన్నాళ్ళకు పానా కూడా నా చేతికొచ్చింది. మా అమ్మకు ఇది బొత్తిగా నచ్చేది కాదు. "ఆడపిల్లకు గ్రీసు పూసి ఏ ఇంటికి పంపిస్తావప్పా?" అని చింతపండు, బూడిద పెట్టి నా చేతులు తోమేది. నాయన మళ్ళీ ఆదివారం పానా నా చేతికే ఇచ్చేవాడు. నా పెళ్ళినాటికి ఎసట్లో బియ్యం ఉడికేలోగా వెనక చక్రం విప్పి మళ్ళీ బిగించేదాన్ని. పెళ్ళిచూపుల్లో పాట వచ్చా అని అడిగినారు, జంతికలు వచ్చా అని అడిగినారు. చక్రం సంగతి ఎవరూ అడగలేదు, నేనూ చెప్పలేదు.

మా అత్తగారిల్లు ఆళ్ళగడ్డలో. మా మామ రిటైరైన కాంపౌండరు. చుట్టుపక్కల పల్లెలకు సైకిలు మీద పోయి సూదులు వేసి వచ్చేవాడు. ఆ నల్లసైకిలును రోజూ పాతపంచెతో తుడుచుకునేవాడు. కన్నకొడుకును కూడా ముట్టనిచ్చేవాడు కాదు. మా ఆయన ఎట్లాగూ దూరంగా ఉద్యోగంలో ఉండి శనివారాలు వచ్చేవాడు కాబట్టి ఆ గొడవ లేదు. నేను ఆ ఇంటికి వచ్చి మూడు నెలలే. మామ ఎదురైతే వంటింటి తలుపు చాటుకు పోయేదాన్ని. ఆయనా నాతో నేరుగా మాట్లాడేవాడు కాదు. నేను నాలుగడుగుల దూరంలో నిలబడి ఉంటే, పెరట్లో ఉన్న అత్తకు వినబడేటట్టు, "నీ కోడల్ని మంచినీళ్ళిమ్మను" అని గట్టిగా అరిచేవాడు.

శ్రావణమాసంలో ఒక మధ్యాహ్నం, ఆరు మైళ్ళ అవతలి పల్లె నుంచి ఒకాయన రొప్పుకుంటా వచ్చినాడు. వాళ్ళ చెల్లెలు కానుపు జ్వరంతో పడివుంది. మామ రెండు రోజులుగా పొద్దున ఒకటి, సాయంత్రం ఒకటి పెన్సిలిన్ సూది వేసి వస్తున్నాడు. "జ్వరం ఎక్కువైంది సామీ. తెలివి లేకుండా ఏందేందో మాట్లాడతాంది. బేగా రావల్ల" అన్నాడు. మామ సంచి తీసుకుని సైకిలు కదిలిస్తే వెనక చక్రం నేలకు అంటుకుపోయింది. గాలి కొడితే వాల్వు మొదట్లోంచి బుస్సుమంటా బయటికి వచ్చేసింది. మామూలు పంచరైతే చక్రం విప్పకుండానే అతుకు వేయొచ్చు. వాల్వు దగ్గర చిరిగితే అతుకు నిలవదు, ట్యూబే మార్చాలి, దానికి చక్రం ఊడాల్సిందే. కొత్త ట్యూబు మామ పెట్టెలో ఉంది. కానీ సైకిలుషాపు ఆయన బంధువుల పెళ్ళికని నంద్యాలకు పోయినాడు. పోస్ట్‌మాన్ సైకిలు ఊళ్ళు తిరగను పోయింది. సైకిలైతే గట్టుదారిన పోవచ్చు గానీ, నల్లరేగడి బురదలో బండి కట్టుకుని పోయినా, నడిచి పోయినా చీకటి పడుతుంది.

మామ పానా పట్టుకుని కూర్చున్నాడు. ఆయన నట్టును విప్పడం లేదు, ఇంకా బిగిస్తున్నాడు. తలుపు చాటు నుంచి చూస్తుంటే నా చేతులు ఆగడం లేదు.

"అత్తా, ఎడమకు తిప్పమను" అన్నాను.

"నీకెట్ల తెలుసే?"

"నాకు చక్రం విప్పేది వచ్చు."

అత్త, కబురు తెచ్చి అరుగుమీద కూర్చున్న ఆయనకు చెంబుతో నీళ్ళిచ్చి, వీధితలుపు గడియపెట్టి, నేరుగా మామ దగ్గరకు పోయి, "ఆ పానా కోడలికియ్యి" అంది.

"ఏందీ?"

"ఇయ్యమంటాండా గదా. ఆడ పచ్చిబాలింత ప్రాణం పోతాంటే ఈడ నీ పెద్దరికమేంది?"

మామ పానాను నా చేతికివ్వలేదు. నేలమీద పెట్టి, గోడవైపు తిరిగి నిలబడినాడు.

సైకిలును తలకిందులు చేసి, అత్తను హ్యాండిలు పట్టుకోమన్నాను. ఒక నట్టు తేలిగ్గానే వచ్చింది. మామ బిగించింది మాత్రం కదల్లేదు. సిగ్గు విడిచి కొంగు దోపి, పానా మీద కాలు పెట్టి తొక్కితే కిర్రుమని లొంగింది. వాషర్లు చీపురుపుల్లకు గుచ్చినాను. చక్రాన్ని ముందుకు తోసి, చైను తప్పించి, పైకి లాగినాను. రెండు గరిటెకాడలతో టైరు విప్పి, లోపల ముల్లేమైనా ఉందేమో తడిమి చూసి, కొత్త ట్యూబు ఎక్కించినాను. చక్రం మళ్ళీ కూర్చోబెట్టేసరికి గోడవైపు ఉన్న మామ కొంచెంకొంచెంగా తిరిగి, నా నెత్తిమీదికే వంగి చూస్తున్నాడు.

"చైను వదులుగా లేదామ్మా?" అన్నాడు.

"వేలెడు వదులుండల్ల మామా. లేకుంటే తెగుతాది" అన్నాను. మేమిద్దరం నేరుగా మాట్లాడుకున్న మొదటి మాటలు అవే.

వెలుగుండగానే మామ ఆ పల్లె చేరినాడు. రాత్రికి అక్కడే ఉండిపోయి, మర్నాడు మధ్యాహ్నం వచ్చి, "జ్వరం దిగింది" అన్నాడు. అత్తతో కాదు, వంటింటి గడపదాకా వచ్చి నాతో అన్నాడు. నేను పొయ్యి ముందు కూర్చుని ఎందుకో ఏడ్చినాను.

అయితే అరుగుమీద కూర్చున్న ఆ పల్లె ఆయన పానా చప్పుడు విన్నాడు కదా, కాంపౌండరు సామి తన చేతులతోనే చక్రం మార్చుకుని వచ్చినాడని వాళ్ళ ఊళ్ళోనూ మా ఊళ్ళోనూ అందరికీ చెప్పినాడు. వారం తిరక్కముందే ఎదురింటి బడి అయ్యవారు సైకిలు తోసుకుంటా వచ్చి, "వెనక చక్రం ఊగుతాంది సామీ. మీకు ఈ పని బాగా వచ్చంట గదా" అన్నాడు. మామ కళ్ళద్దాలు సర్దుకుని చక్రాన్ని ఒకసారి ఊపి చూసినాడు. అత్త అప్పటికే లేచి, మొన్నటి మాదిరే గడియపెట్టను వీధితలుపు మీద చెయ్యి వేసింది.

"తలుపు వెయ్యొద్దు" అన్నాడు మామ. అయ్యవారి వైపు తిరిగి, "నాకు రాదప్పా. ఆపొద్దు విప్పింది మా కోడలు. ఆ యమ్మి లేకుంటే నేను ఆ పల్లెకు పోయిందీ లేదు, ఆ బాలింత బతికిందీ లేదు" అన్నాడు. తర్వాత లోపలికి చూసి, "అమ్మా, పానా తీసుకుని ఈడికి రా" అని పిలిచినాడు.

వీధిలో నలుగురూ చూస్తుండగా నేను అరుగుమీదికి వచ్చినాను. కూర్చోవాలో నిలబడాలో తెలియక అయ్యవారు స్తంభాన్ని పట్టుకున్నాడు. ఇరుసు మీద బేరింగును పట్టి ఉంచే కోను వదులైంది, అంతే. బిగించి చక్రం తిప్పితే ఊగకుండా తిరిగింది. అంతసేపూ వాషర్లు గుచ్చిన చీపురుపుల్ల మామ చేతిలోనే ఉంది.

దసరా ముందు ఆ పల్లె ఆమె బిడ్డనెత్తుకుని వచ్చి నా ఒళ్ళో పెట్టింది. ఆడపిల్ల. ఇప్పుడు ఆ బిడ్డ కూడా అవ్వ అయివుంటుంది. మామ ఆ తర్వాత పద్నాలుగేళ్ళు బతికినాడు. గడిచేటప్పుడు ఆ ఏళ్ళు ఎంతో పొడుగ్గా అనిపించినాయి. ఇప్పుడు తలుచుకుంటే అన్నీ కలిపి ఒక మధ్యాహ్నమంత కూడా లేవు.