తిప్పమ్మ అంటే అర్థం

మనవరాలికి పేరు వెతుకుతూ మా అమ్మాయి సరదాగా నా పేరు కూడా ఫోన్లో కొట్టింది. "తిప్పమ్మ. సంస్కృతం. అర్థం: వెలుగు" అని వచ్చింది. నాకు నవ్వొచ్చింది. ఎండిన పేడ వాసన ముక్కుకు తగిలినట్టయింది.

మా గుత్తి పక్క తిప్ప అంటే పేడదిబ్బ. నాకు ఎనిమిదేళ్లప్పుడు అవ్వ నవ్వుతూ చెప్పింది: "పుట్టిన దినమే నిన్ను మీయమ్మ తిప్ప మీద పారేసె. నేనే ఎత్తుకొస్తి."

ఆ పూట పొగలుకక్కే రాగిసంగటి ముందుపెట్టినా నేను ముట్టలేదు.

"నేనేం చేసినానని పారేస్తివి?" అని అమ్మను అడిగాను.

అమ్మ సంగటి చేత్తోనే నన్ను దగ్గరికి లాక్కుంది. "నీకు ముందు ఇద్దరు పుట్టి పోయినారు. వాళ్లకు బంగారట్లా పేర్లు పెట్టింటిమి. పారేసిన బిడ్డనైతే సావు కూడా వద్దంటాదని అట్ల చేస్తిమి" అంది.

అప్పుడు నాకు సగమే అర్థమైంది. ఆకలేసి సంగటి తిన్నాను.

"అర్థం కరెక్టేనామ్మా?" ఫోను చూపిస్తూ మా అమ్మాయి అడిగింది.

"కాదు" అన్నాను. "ఈ బిడ్డన్నా మాకు ఉండనీ అని."